గోడమీది తల్లీకూతుళ్ళు

నౌపడ స్టేషన్లో ఆఖరి ప్యాసింజరు దిగినవాళ్ళెవరూ ఉప్పు బంగళా పక్కనుంచి నడవరు. సముద్రం వైపు ఊళ్ళకి అదే దగ్గర దారి. ఉప్పు మడుల మధ్య గట్టు, గట్టు చివర బంగళా, బంగళా దాటితే ఊరు. అరగంట నడక. అయినా సరే, రోడ్డు చుట్టూ తిరిగి గంటన్నర నడుస్తారు గాని అటు పోరు.

బంగళా అంటే ఇప్పుడు బంగళా కాదు. తెల్లదొరల కాలంలో ఉప్పు మడులు కాపలా కాసే అధికారి కోసం కట్టింది. కప్పు ఏదో తుఫానుకి ఎగిరిపోయింది. మూడు గోడలు కూలాయి. నాలుగోది మాత్రం నిలబడింది — రెండు నిలువుల ఎత్తు, సున్నం గోడ. దానికెవరూ సున్నం వెయ్యరు, అయినా తెల్లగానే ఉంటుంది. ఉప్పుగాలి వల్ల అలా ఉంటుందని కొందరంటారు. కొందరు ఏమీ అనరు... తల దించుకుని నడుస్తారు.

ఆ గోడమీద రాత్రిపూట ఒక ఆడమనిషి కనిపిస్తుందని పేరు. పక్కన ఎనిమిదో, పదో ఏళ్ళ పిల్ల. ఆడమనిషి పెదాలు కదుపుతుంది. మాట వినిపించదు, ఊపిరి కూడా వినిపించదు. చూస్తుండగానే పిల్ల మాయమైపోతుంది. తల్లి మాత్రం అలాగే నిలబడి ఉంటుంది — ఇంకో పిల్ల కోసం.

అందుకే ఆ దారిన పోయేవాళ్ళకి ఒకటే కట్టుబాటు. ఆమె కనిపిస్తే నోరు కదపకూడదు. ఆమె పెదాలు చూసి మన పెదాలు కదిలాయంటే పలికినట్టే లెక్క. పలికితే, మన వెంట ఉన్న పిల్లని తీసుకుపోతుంది.

ముత్తాతలు చూశారని తాతలు చెప్పారు. తాతలు చెప్పారని మిగతావాళ్ళు చెప్పుకున్నారు. కళ్ళారా చూసినవాళ్ళలో బతికున్నది ఒక్కతే — వనజ.

విన్నది విన్నట్టు చెబుతున్నాను.

వనజకి నలభై ఒకటి. పలాస పక్క కాశీబుగ్గలో ఒక జీడి ఫ్యాక్టరీలో పిక్కలు కోసే పని, పాతికేళ్ళ నుంచి. మొగుడు హరిబాబు పడవమీద వేటకి పోతాడు. కొడుకులిద్దరూ గుజరాత్ బోట్లమీద ఉన్నారు. తల్లి లక్ష్మమ్మకి డెబ్భై దాటాయి, వీళ్ళ దగ్గరే ఉంటుంది.

వనజ పిలిస్తే పలకదు. పగలైనా, పక్క గదిలోంచైనా అంతే. హరిబాబు గుమ్మంలో నిలబడి మూడుసార్లు పిలవాలి. నాలుగోసారికి వచ్చి, మనిషిని చూసి, అప్పుడు ఊఁ అంటుంది. దీనిమీద ఊళ్ళో పరాచికాలు చాలా ఉన్నాయి. పెళ్ళిలో తాళి కట్టడానికి నీచేత ఎన్నిసార్లు పిలిపించుకుందిరా అని వరసకి బావయ్యే సోములు అడుగుతాడు. హరిబాబు నవ్వేస్తాడు. ఆమె ఎందుకు పలకదో అతనికి తెలుసు. ఊరికీ తెలుసు. తెలిసే ఆడుకుంటారు.

ముప్పై ఐదేళ్ళ కిందటి మాట. అప్పటికి వనజకి ఆరేళ్ళు. వనజ అప్పా అని పిలిచే అక్క కమలకుమారికి పది. తండ్రి ఎక్కిన పడవ తిరిగి రాలేదు. లక్ష్మమ్మ జీడి పనికి చేరింది. రోజూ నౌపడలో బండెక్కి పలాసలో దిగేది, రాత్రి మళ్ళీ రోడ్డు చుట్టూ తిరిగి ఇంటికి వచ్చేది. కమల మధ్యాహ్నం బండికి తల్లికి అన్నం క్యారేజీ పట్టుకెళ్ళేది.

ఆ రోజు లక్ష్మమ్మ పిల్లలిద్దరినీ వెంటబెట్టుకుని పలాస వెళ్ళింది. కమలకి కొత్త గౌను కొంది. నాకో అని వనజ ఏడిస్తే, నీకు మళ్ళీ అంది. గుడ్డల మూటతో ఆఖరి బండికి నౌపడలో దిగారు. తోడెవరూ లేరు. అయినా లక్ష్మమ్మ బంగళా దారే పట్టింది. గోడ దగ్గరికి వచ్చాక కాళ్ళు పీకుతున్నాయని కూలబడింది. అక్కడ కూర్చుని... ఆ వెన్నెల్లో కమల తలకి నూనె రాసి జడ వేసింది.

వనజ నిద్రపోయింది.

మధ్యలో మెలకువ వచ్చింది. తల కింద మెత్తగా ఉంది, అమ్మ ఒడి అనుకుంది. వెన్నెలకి గోడ తెల్లగా వెలుగుతోంది. గోడకి ఆనుకుని ఒక ఆడమనిషి. నెత్తిమీద ముసుగు. ముఖం సున్నంలా ఉంది. ఆమె ఎదురుగా అప్ప నిలబడి ఉంది, కొత్త గౌనులో.

ఆమె పెదాలు కదిలాయి.

చప్పుడు లేదు...

మళ్ళీ కదిలాయి. వనజ చూపు తిప్పుకోలేకపోయింది. పెద్దవాళ్ళ నోరు చూసి చంటిపిల్లలు నోరు ఆడిస్తారే, అలా తన పెదాలు వాటంతట అవే కదిలాయి. కదిలాక గాని తెలియలేదు. కళ్ళు గట్టిగా మూసుకుంది.

కళ్ళు తెరిచేసరికి గోడ దగ్గర ఎవరూ లేరు. ముసుగు మనిషి లేదు. అప్పా లేదు. లక్ష్మమ్మ గుండెలు బాదుకుంటూ వనజని చంకనేసుకుని ఊరివైపు పరిగెడుతోంది.

మర్నాడు ఊరంతా కర్రలు పట్టుకుని ఉప్పు మడులు గాలించారు. ఒక జడ రిబ్బను కూడా దొరకలేదు. బంగళా సంగతి అందరికీ తెలిసిందే కాబట్టి, ఎవరూ పెద్దగా ఏమీ అడగలేదు. ఆ రాత్రి తల్లి పక్కలో పడుకుని వనజ గుసగుసగా చెప్పింది — అది కనిపించిందమ్మా, దాని నోరు కదిలింది, నా నోరు కూడా కదిలింది.

లక్ష్మమ్మ మోచేతిమీద లేచింది. కూతురి ముఖంలోకి వంగి చూసింది.

"నువ్వు పలికావేటి?"

"ఊఁ..."

"అయితే అదేనే" అంది. "నువ్వు పలికావు. అందుకే పోయింది."

ఆరేళ్ళ పిల్ల ఆ మాటని పళ్ళ కింద పెట్టుకుని పెరిగింది.

వనజకి పదిహేనో ఏడు నడుస్తుండగా ఇంకోటి జరిగింది. ఆ ఏడాది ఆ చుట్టుపక్కల ఊళ్ళన్నిటా ఒక భయం తిరిగింది. రాత్రిపూట ఆడదెయ్యం వచ్చి ఇంట్లోవాళ్ళ పేరు పెట్టి పిలుస్తుందని, పలికినవాళ్ళు తెల్లారేసరికి ఉండరని అనుకునేవారు. దానికో విరుగుడు కూడా ఉంది. తలుపుమీద 'రేపు రా' అని రాస్తే, వచ్చిన దెయ్యం చదువుకుని వెళ్ళిపోతుంది. మర్నాడు వచ్చి మళ్ళీ అదే చదువుకుంటుంది. అలా ఎన్ని రాత్రులైనా.

ఒక రాత్రి, ఊరు సద్దుమణిగాక, తలుపు అవతల చెప్పుల చప్పుడు వినిపించింది. టక్... టక్... గుమ్మం దగ్గర ఆగింది.

"వనజా..."

ఆడగొంతు. మెల్లగా పిలిచింది.

"వనజా... నానే."

లక్ష్మమ్మ చటుక్కున లేచి వనజ నోరు మూసింది. ఆ చెయ్యి జీడి రసానికి కాలి కాలి చెట్టు బెరడులా ఉండేది. దెయ్యం కూడా నానే అనే అంటాదని చెవిలో చెప్పింది. చెప్పులు చాలాసేపటికి వెళ్ళిపోయాయి.

తెల్లారగానే లక్ష్మమ్మ గిన్నెలో సున్నం కలిపింది. తనకి చదువు రాదు. వనజ రాత్రి బడికి పోయి అక్షరాలు నేర్చుకుంది. తల్లి చెబితే, తాటి చెక్క తలుపుమీద అరచేయంత అక్షరాలతో రాసింది.

రెండో రాత్రి చెప్పులు వచ్చాయి. పిలుపు రాలేదు. గుమ్మంలో కాసేపు నిలబడి వెళ్ళిపోయాయి. మూడో రాత్రీ అంతే. నాలుగో రాత్రి నుంచి లేవు. విరుగుడు బాగా పనిచేసిందన్నారు ఊరివాళ్ళు.

ఒకటే వనజకి అర్థం కాలేదు. ఆ ఉదయాల్లో గుమ్మం ముందు ఇసకలో చెప్పుల జాడలు ఉండేవి. దెయ్యానికి చెప్పులుంటాయామ్మా అని అడిగింది. లక్ష్మమ్మ వాటిని చీపురుతో ఊడ్చేసింది.

మరుసటేడు వనజ కూడా జీడి పనికి చేరింది. కోత మిషన్ల షెడ్డులో నలభైమంది ఆడవాళ్ళు వరసగా కూర్చునేవారు. మేస్త్రి గణపతిరావు షెడ్డులో మాట వినిపిస్తే ఊరుకునేవాడు కాదు. మాటల్లో పడితే వేలు తెగుతుంది మరి. అందుకని ఆడవాళ్ళు గొంతు లేకుండా మాట్లాడుకోవడం నేర్చుకున్నారు. ఊపిరి కూడా బయటికి రానివ్వరు, పెదాలు మాత్రమే కదుపుతారు. ఈ మూలనున్న మనిషి ఆ మూలనున్న మనిషికి అత్తగారి సంగతంతా చెప్పేసేది. మేస్త్రికి మిషన్ల టకటక తప్ప ఏమీ వినిపించేది కాదు. పెదాల మాట అని దానికి పేరు. లక్ష్మమ్మ తరం నుంచీ ఉంది, రోజూ క్యారేజీలు తెచ్చే పిల్లలకి కూడా అబ్బేది. వనజకి వచ్చేసరికి రెండేళ్ళు పట్టింది. వచ్చాక ఇక పోలేదు.

ఇదంతా పాత కథ. అసలు కథ మొన్న చలికాలంలో జరిగింది.

బంగళా మీదుగా రోడ్డు వెడల్పు చేస్తారని తేలింది. గోడ పడగొట్టాలి. కాంట్రాక్టరు తెచ్చిన కూలీలు గోడ కథ విని గునపాలు కింద పెట్టేశారు. ఇంకో జట్టుని తెచ్చాడు, వాళ్ళూ అంతే. అప్పుడు టెక్కలి కాలేజీలో పాఠాలు చెప్పే రవిశంకర్ అనే ఆయన వచ్చాడు. పాత సంగతులు వెతికే పిచ్చి ఆయనకి. ఆ దెయ్యం తన దగ్గరుందని, గోడ కూల్చే ముందు ఒకసారి అందరికీ చూపిస్తానని చెప్పాడు.

వందేళ్ళ కిందట ఉప్పు దొర ఇంటికి చుట్టపుచూపుగా వచ్చిన ఒకాయన చేత్తో తిప్పే కెమెరా తెచ్చాడట. ఇక్కడి ఉప్పు మడుల్లో పనిచేసే ఒక తల్లినీ కూతుర్నీ పెట్టి చిన్న సినిమా బొమ్మ తీశాడట. అప్పటి బొమ్మలకి మాటలుండవు. తీసిన బొమ్మని ఒక రాత్రి ఈ గోడమీదే వేసి చూపించాడట. సినిమా అంటే ఏమిటో తెలియని జనం, గోడమీద పిల్ల మాయమవడం చూసి ఉన్నపళాన పరిగెత్తారట. ఆ బొమ్మ ఎక్కడో ఇంగ్లండులో ఒక పెట్టెలో ఇన్నాళ్ళూ పడి ఉండి, ఈమధ్యనే బయటపడింది. వెనకున్న గోడ చూసి ఆయన గుర్తుపట్టాడు.

ఊరు నవ్వుకుంది. వందేళ్ళు ఒక బొమ్మకి భయపడ్డామా అని ముసలివాళ్ళు సిగ్గుపడ్డారు. వనజకి మాత్రం నవ్వు రాలేదు.

గోడమీద ఉన్నది ఉత్త బొమ్మైతే, బొమ్మ పిల్లల్ని తీసుకుపోదు. అంటే తన పెదాలు కదిలినందువల్ల అప్ప పోలేదు. మరి ఎలా పోయింది? ఆ రాత్రి కెమెరా లేదు, దొరా లేడు. తను చూసిందెవర్ని?

ఎవరూ ఈ మాట అడగలేదు. అడగాల్సింది తనొక్కతే.

ఆ సాయంత్రం లక్ష్మమ్మ రానంది. మోకాళ్ళంది, మంచు పడుతుందంది. ఇన్నేళ్ళు నా కడుపు రగిలించిన గోడని నేను చూడలేనంది. ఆ మాట వింటే వనజ ఎప్పుడైనా కరిగిపోయేది. ఆ రోజు కరగలేదు. తల్లి భుజంమీద శాలువా కప్పి ఆటో ఎక్కించింది. వెంట హరిబాబు కూడా ఎక్కాడు.

చీకటి పడింది. జనం గోడకి బాగా దూరంగా గట్టుమీద కూర్చున్నారు. నవ్వుతున్నారు గాని పిల్లల్ని ఒళ్ళోంచి దించలేదు. సోములు టిక్కెట్టెంత మాస్టారూ అని అడిగాడు. భయపడినోడికి ఊరికే అన్నాడు రవిశంకర్.

గోడమీద వెలుగు పడింది.

గట్టుమీద నవ్వులు ఆగిపోయాయి.

ఉప్పు మడుల గట్టు. నెత్తిన గంపతో ఒక తల్లి, వెనక కూతురు. బొమ్మ అదురుతోంది, పైనుంచి వాన కురుస్తున్నట్టు గీతలు. తల్లి గంప దించి, కూతుర్ని ముందు కూర్చోబెట్టుకుని జడ వేసింది. జడలో మొగలి రేకు పెట్టింది. తర్వాత పిల్లని గోడకి ఆనించి నిలబెట్టింది. ముఖంలోకి వంగి, ఏదో చెప్పింది... పెదాలు కదిలాయి. చప్పుడు లేదు. తల్లి రెండడుగులు వెనక్కి వేసింది.

పిల్ల లేదు.

ఉన్న చోటే, ఉన్నదున్నట్టు — లేదు. తల్లి గంప ఎత్తుకుని తిరిగి చూడకుండా నడిచి వెళ్ళిపోయింది. బొమ్మ అయిపోయింది.

ఎవరో పిల్ల ఏడ్చింది. రవిశంకర్ లేచి, కెమెరా తిప్పడం ఆపి, పిల్లని పక్కకి రమ్మని, మళ్ళీ తిప్పితే మాయమైనట్టే ఉంటుందని వివరంగా చెప్పాడు. అందరి ఊపిరీ కిందికి దిగింది. మళ్ళీ వెయ్యమన్నారు. రెండోసారి చూస్తుంటే ఎవరో అడిగారు, ఆ తల్లి ఏం చెబుతోంది మాస్టారూ అని. అది ఎవరికీ తెలియదని, ఇక తెలిసే దారి కూడా లేదని ఆయన అన్నాడు.

వనజ నోటివెంట మాట వచ్చేసింది.

"నాకు తెలుస్తంది."

అందరూ తిరిగి చూశారు. పిలిచినా పలకని మనిషి, ఎవరూ పిలవకుండా పలికింది. గోడమీది పెదాల వైపే చూస్తూ, ఒక్కో మాటా చెప్పింది.

"దొరగోరు సెయ్యెత్తగానే పక్కకి పో... ఏడవకు. ఎనక్కి సూడకు. నాను సూత్తనే ఉంటాను."

గట్టంతా ఒక్కసారి నవ్వింది. అంతేనా అన్నారు. పాపం ఆ తల్లి, పిల్లకి పని చెబుతోంది, అంతే. వందేళ్ళ భయం అక్కడితో పోయింది. పిల్లలు ఒళ్ళోంచి దిగి గోడ దగ్గరికి పరిగెత్తారు. రవిశంకర్‌కి కళ్ళు చెమర్చాయి. ఇంకొక్కసారి చెప్పమ్మా, రికార్డు చేసుకుంటానని, మూడోసారి వేశాడు.

మూడోసారి వనజ నోరు తెరవలేదు.

ఏడవకు... ఎనక్కి సూడకు...

ఆ పెదాల కదలిక తను ఇంతకు ముందు చూసింది. అదే వరస, అదే విరుపు. షెడ్డులో కాదు. షెడ్డుకి పోకముందు. చదవడం రాకముందు.

ఆ రాత్రి తను చూసిన పెదాలు ముప్పై ఐదేళ్ళుగా కళ్ళలో అలాగే ఉన్నాయి. ఒక్క కదలిక చెదరలేదు. వాటిని చదవవచ్చని మాత్రం ఇన్నాళ్ళూ తోచలేదు. దెయ్యం నోటిని ఎవరు చదువుతారు?

ఇప్పుడు చదివింది.

ఏడవకు. ఎనక్కి సూడకు. బండి దిగీదాకా ఆ బాబుగోరి సెయ్యి వదలకు. సెల్లి లెగుత్తాది, ఎల్లు.

ఆ రాత్రి తల కింద మెత్తగా ఉన్నది... తెల్లారి ఇంటి మూల కనిపించింది — పలాస నుంచి తెచ్చిన గుడ్డల మూట. ఒడి కాదు. ఒడి లేదు.

మెల్లగా పక్కకి తిరిగింది.

పది అడుగుల అవతల గట్టుమీద, గోడ వెలుగు మొత్తం ముఖంమీద పడుతుండగా, నెత్తిన శాలువా ముసుగుతో ఒక ఆడమనిషి కూర్చుని ఉంది. ముఖం సున్నంలా ఉంది. గోడనే చూస్తోంది. గోడమీది తల్లితోపాటు ఆమె పెదాలు కూడా కదులుతున్నాయి.

చప్పుడు లేదు.

ఆరేళ్ళప్పుడు చూసిన దెయ్యం అదే. ముప్పై ఐదేళ్ళుగా తనకి అన్నం పెట్టిన మనిషి.

చుట్టూ జనం ఈలలు వేస్తున్నారు. వనజ గొంతు ఎత్తలేదు. పెదాలు మాత్రం కదిపింది.

— అమ్మా.

లక్ష్మమ్మ చూపు తిరిగింది. కూతురి పెదాల మీద ఆగింది.

— అప్పని ఎవురికిచ్చావు?

ముసలిదాని పెదాలు ముడుచుకున్నాయి. లేవబోయింది. మోకాళ్ళు లేవనివ్వలేదు. గోడమీద పిల్ల మళ్ళీ మాయమైంది, జనం మళ్ళీ నవ్వారు. ఆ నవ్వు మధ్య లక్ష్మమ్మ పెదాలు విడ్డాయి.

— ఖరగ్‌పూరు. రైల్లో కలిశారు. ఆ రేతిరి గోడెనకాల కాసుకుని, తెల్లారగట్ట బండికి తీసికెళ్ళారు. పిల్లల్లేరన్నారు. మంచోళ్ళు.

— నాను పలికాననే పోయిందన్నావు.

లక్ష్మమ్మ శాలువా నోటిమీదకి లాక్కుంది. రవిశంకర్ దీపం ఆపేశాడు. చీకట్లో పెదాలు కనబడవు.

హరిబాబు వాళ్ళని ఇంటి దగ్గర దింపి, ఆ రాత్రి వేటకి పోవాలని అట్నుంచటే పడవల వైపు వెళ్ళిపోయాడు. తల్లీకూతుళ్ళిద్దరే మిగిలారు.

ఇల్లు మారింది గాని తలుపు అదే. కాలనీ ఇల్లు కట్టినప్పుడు, చెక్క గట్టిదని పాత తాటి తలుపునే బిగించి నీలం రంగు వేశారు. లక్ష్మమ్మ లోపలికి వెళ్ళి మంచం మీద కూర్చుంది. కూర్చుని, మెల్లగా, గొంతుతోనే మొదలుపెట్టింది. మీ నాన్న పోయాక ఒక్క కుండతో ముగ్గురం బతకలేకపోయామంది. పెద్దదైతే పని చేసుకుంటుందని వాళ్ళు పెద్దదాన్నే అడిగారంది. కన్నబిడ్డని ఇచ్చేసిందని ఊరంటే తట్టుకోలేననుకుందట. బంగళా ఉంది కదా, దానిమీద పెట్టేస్తే ఎవరూ అడగరనుకుందట. అనుకున్నట్టే ఎవరూ అడగలేదు. పైగా జాలిపడ్డారు.

"నామీద పెట్టావు" అంది వనజ.

"నువ్వే సెప్పావు కదే, నోరు కదిలిందని. నానేటి సెయ్యను..."

వనజ గుమ్మంలోనే నిలబడి ఉంది. ఏడుపు రాలేదు. ఒకటే అడగాలనిపించింది. అడిగింది.

"మళ్ళీ ఎప్పుడూ రానేదా?"

లక్ష్మమ్మ తలెత్తింది. ఆమె చూపు కూతురిని దాటి తలుపు మీదకి పోయింది... అక్కడే ఉండిపోయింది.

వనజ వెనక్కి తిరిగి తలుపు చూసింది. వీధి దీపం వెలుతురు పక్కనుంచి ఏటవాలుగా పడుతోంది. నీలం రంగు కింద, అరచేయంత అక్షరాలు, సున్నం పెళుసుగా ఎత్తుగా లేచి... ఇన్నేళ్ళూ రోజూ తెరిచి మూసిన తలుపే.

రేపు రా.

చెప్పుల జాడలు. వనజా, నానే.

"అమ్మా... అది అప్పా?"

"కిటికీ సందులోంచి సూసాను" అంది లక్ష్మమ్మ. "ఎత్తరి మనిషయ్యింది. వాయిల్ సీర కట్టింది. దానికి సదువు సెప్పించారు కామోసు, సదువుకుంది. ఏలుతో అచ్చరాలు తడిమింది. రేపు రమ్మన్నామనుకుని ఎల్లిపోయింది. మర్నాడు ఒచ్చింది. మల్లీ అదే ఉంది."

"తలుపు తియ్యలేదేటి నువ్వు?"

"నీకు సంబందాలు ఒత్తన్నాయి. ఊరికి తెలిత్తే నిన్నెవుడు సేసుకుంతాడే?" శాలువా సర్దుకుంది. తర్వాత, ఎప్పుడో అలవాటైన గొంతుతో అంది — "అయినా రాసింది నువ్వే కదే."

అయితే అదేనే.

అదే గొంతు. ఆరేళ్ళప్పుడు విన్నది. వనజ ఆ మాటని మళ్ళీ పళ్ళ కింద పెట్టుకోలేదు. వంటింట్లోంచి కత్తిపీట తెచ్చి, గుమ్మంలో కూర్చుని, దాని పదునుతో తలుపు గీకడం మొదలుపెట్టింది. నీలం పొరలు రాలాయి. కింద సున్నం పొడిపొడిగా రాలింది. లక్ష్మమ్మ పడుకోమంది. వనజ వినలేదు. తెల్లటి పొడి చీరంతా పడింది. అక్షరాలు పూర్తిగా పోయేదాకా గీకి, లోపలికి వచ్చి తలుపు వేసింది.

ఊరు సద్దుమణిగింది. సముద్రం హోరు తప్ప ఏమీ లేదు.

అప్పుడు వినిపించింది...

టక్... టక్...

గట్టువైపు నుంచి. తొందర లేని నడక. సందు మలుపు తిరిగింది. దగ్గరైంది.

మంచంమీది ముసలిది లేచి కూర్చుంది. అంటే ఆమెకీ వినిపించింది.

"వనజా..."

ఆడగొంతు. వయసులో ఉన్న గొంతు. ఇరవై ఆరేళ్ళ కిందట ఎలా ఉందో అలాగే ఉంది — ఒక్క ఏడు కూడా పెరగలేదు.

లక్ష్మమ్మ మోకాళ్ళ సంగతి మరిచిపోయి ఎలా వచ్చిందో వచ్చింది. ఎండిపోయిన చెయ్యి వనజ నోటిమీద పడింది. గట్టిగా నొక్కింది. చెవి దగ్గర గుసగుసగా అంది.

"పలక్కే. ఇది మీ అప్ప కాదే... అది సచ్చిపోయిందని కార్డు ఒచ్చింది, పలాసలో సదివించాను. ఎప్పుడో ఒచ్చింది. నీకు సెప్పనేదు."

వనజ కదలకుండా ఉండిపోయింది. ఒక ఊపిరి. రెండు ఊపిర్లు.

"వనజా... నానే."

వనజ తల్లి చేతిని తన నోటిమీంచి తీసేసింది. మెల్లగా, ఒక్కో వేలూ విడదీసి తీసింది. తలుపు బార్లా తెరిచింది. మూడుసార్లు పిలిచే దాకా ఆగలేదు.

"ఊఁ. రా అప్పా" అంది.

చెప్పుల చప్పుడు గుమ్మం దాకా వచ్చి ఆగింది. చెప్పులు విప్పిన చప్పుడైంది.